మంచునేలలో దొరికిన ఫిలిముచుట్టలు



మన పూర్వులు దానశాసనములయందు భూమి నిచ్చునపుడు అష్టభోగములతో కూడ నిచ్చుచుండిరి. ఆ యెనిమిదింటిలో మొదటి రెండు నిధి, నిక్షేపము అనునవి. నేను బడిలో పాఠము చెప్పు దినములలో ఈ రెంటికిని భేద మేమని అడిగినచో తరగతి యంతయు మౌనము వహించెడిది. ఎవ్వడో ఎప్పుడో పాతిపెట్టి మరచిపోగా, అడుగువాడు లేక భూగర్భమున పడియున్న ధనము నిధి. మరల తీసికొనవలెనను తలంపుతో ఒకరిని నమ్మి వారియొద్ద దాచిన ధనము నిక్షేపము. మొదటిదానికి మరపు మూలము. రెండవదానికి నమ్మకము మూలము. ఈ చిన్న భేదమును మనస్సున నుంచుకొని వినుడు. ఏలయన నేడు నేను చెప్పబోవునది కెనడా దేశపు ఉత్తరభాగమున, యూకాన్ మండలములోని డాసన్ అను పట్టణమున దొరికిన యొక విచిత్రమైన నిధిని గూర్చియు, దానిని లోకమునకు చూపిన బిల్ మారిసన్ అను డాక్యుమెంటరీ చిత్రకారుని గూర్చియు నైన కథ.

మారిసన్ 1965వ సంవత్సరమున అమెరికాలోని చికాగో నగరమున జన్మించెను. మొదట నభ్యసించినది చిత్రలేఖనము. తక్కిన డాక్యుమెంటరీకారులు కెమెరాను భుజమున వైచుకొని లోకముమీదికి పోవుదురు. ఈయన పాత ఫిలిముల భాండాగారములలోనికి పోవును. చెడినవి, చివికినవి, ఇతరులు ఇక పనికిరావని త్రోసివైచినవి ఏరుకొని, వానిని వరుసగా కూర్చి, తగిన సంగీతముతో మనకు చూపును. 2002లో ఆయన తీసిన 'డెకేషియా' అను చిత్రమంతయు కుళ్లిపోవుచున్న ఫిలిముతోనే కూర్పబడినది. దానిలో నొక మల్లుడు ముష్టిఘాతముల నభ్యసించుచుండును. అతడు కొట్టుచున్న సంచి యుండవలసిన చోట ఫిలిము చెడి, నల్లని తెల్లని మరకలు సుడులు తిరుగుచుండును. చూచువానికి ఆ మనుష్యుడు కాలపురుషునితోనే కలియబడినట్లు తోచును. 2013లో అమెరికా ప్రభుత్వమువారు శాశ్వతముగా కాపాడవలసిన చిత్రముల పట్టికలో దీనిని చేర్చిరి. 1927లో మిసిసిపీ నదికి వచ్చిన మహాప్రవాహమును గూర్చి యొకటి, ఇంగ్లండులోని డర్హము బొగ్గుగనుల కూలీలను గూర్చి యొకటి ఇట్లే తీసెను. చరిత్రపుస్తకములలో రెండు పంక్తులకు మించి చోటు దొరకని జనులయందే ఈయనకు మక్కువ.

ఇక డాసన్ కథ. పారిస్ నగరమున లూమియేర్ సోదరులు మొదటి సినిమాను డబ్బు పుచ్చుకొని చూపినది 1895 డిసెంబరున. బొంబాయిలోని వాట్సన్ హోటలున అదే వింతను చూపినది 1896 జూలై 7వ తేదీన. ఆ మరుసటి నెలలోనే, 1896 ఆగస్టున, యూకాన్ నదిలో కలియు క్లాండైక్ అను నదియొక్క చిన్న కాలువలో బంగారము కనబడెను. అనగా సినిమాయు క్లాండైక్ బంగారమును ఈడు జోడు శిశువులు. మరుసటి వేసవిని ఓడలలో ఆ బంగారము అమెరికా రేవులకు చేరగానే జనమునకు పిచ్చియెత్తినది. లక్షమంది బయలుదేరిరని లెక్క. గుమాస్తాలు, బడిపంతుళ్లు, మంగలులు, పోలీసులు, అందరును. కెనడా సరిహద్దులోని రక్షకభటులు, ఏడాదికి సరిపడు తిండిసామగ్రి లేనివానిని లోపలికి పోనీయకుండిరి. అది సుమారొక టన్ను బరువు. ఆ బరువును విడతలు విడతలుగా వీపున మోసికొని చిల్కూట్ కనుమ నెక్కవలెను. మంచుకొండపై చీమలబారువలె మనుష్యులు నిలిచియున్న ఛాయాపటమును మీలో కొందరు చూచియుందురు. చార్లీ చాప్లిన్ 1925లో తీసిన 'గోల్డ్ రష్' చిత్రమునకు ఇట్టి పటములే ప్రేరణము. బయలుదేరిన లక్షలో ముప్పది నలువదివేలమంది మాత్రమే గమ్యము చేరిరి. వారు చేరునప్పటికే మంచి భూములన్నియు ముందువారి పాలైనవి.

చేరినవారిలో చిత్రమైన మనుష్యులు కలరు. తండ్రివెంట వచ్చి వీథులలో వార్తాపత్రిక లమ్ముకొన్న సిడ్ గ్రామన్ అను బాలుడు తరువాత హాలివుడ్డులో లోకప్రసిద్ధమైన చైనీస్ థియేటరును కట్టించెను. మద్యశాలలో గ్లాసు లందించిన పాంటేజస్ అను గ్రీసుదేశీయుడు అమెరికా పశ్చిమతీరమంతట నాటకశాలల కధిపతి యయ్యెను. జాక్ లండన్ బంగారము లేక వట్టిచేతులతో మరలిపోయెను గాని కథలను మూటగట్టుకొనిపోయెను. బంగారము త్రవ్వినవారికంటె త్రవ్వువారిని వినోదపరచినవారే ఎక్కువ గడించిరని నా యభిప్రాయము.

1899లో అలాస్కాలోని నోమ్ అను చోట వేరొక బంగారపుగని కనబడెనని తెలియగానే వేలకొలది జనము ఒక్క వేసవిలో డాసనును విడిచి లేచిపోయిరి. మిగిలినవారు మిగిలిరి. వారికి దీర్ఘమైన శీతకాలము, నెలలతరబడి గడ్డకట్టిన నది, చేయుటకు పనిలేని సాయంకాలములు. అందుచే సినిమా వారికి అన్నముతో సమాన మయ్యెను.

ఇచ్చట నొక వ్యాపారపు చిక్కు కలదు. ఈ కథకంతకును అదియే కీలకము. ఆ కాలమున చిత్రములను నిర్మించు కంపెనీలు ఒక్కొక్క ఫిలిమును ఊరినుండి ఊరికి త్రిప్పుచుండెను. ఆ త్రోవలో చిట్టచివరి మజిలీ డాసన్. పెద్దనగరములలో ఆడిన రెండు మూడేండ్లకు గాని చిత్ర మక్కడికి చేరదు. చేరినపిమ్మట దానిని మరల తెప్పించుకొనుటకు ఓడకూలి దండుగ యని కంపెనీలవారు తలంచిరి. ఆడిన చిత్రము ఆడినచోటనే నిలిచిపోయెను. ఫిలిములకు పూచీగా నున్న స్థానిక బ్యాంకివారు వానిని ఊరి గ్రంథాలయపు నేలమాళిగలో పేర్చుచు వచ్చిరి. సంవత్సరములు గడచినకొలది చుట్టలు పెరిగి మాళిగ నిండెను.

1929లో క్లిఫర్డ్ థామ్సన్ అను బ్యాంకి యుద్యోగి వీనినేమి చేయుదునని యోచించెను. కంపెనీలవారికి అవి యక్కరలేదు. అదే మనుష్యుడు ఊరి హాకీ సంఘమునకు కోశాధికారి. అక్కడి హాకీ మన పిల్లలు మైదానమున ఆడునది కాదు. నీరు గడ్డకట్టిన తిన్నని తలముపై జారుచు ఆడు ఆట. ఊరి వ్యాయామసంఘపు భవనములో వేసవికొక యీతకొలను కలదు. చలికాలమున దానిపై బల్లలు పరచి, నీరుపోసి, ఆటస్థలముగా మార్చుచుండిరి. క్రింద బోలుగా నుండుటచే నడుమ మంచు సమముగా గట్టకుండెను. ఆటగాండ్రకు అదియొక బాధ. థామ్సన్ ఒక్క రాయితో రెండు పండ్లు రాల్చెను: ఫిలిముచుట్టలను బండ్లతో తెచ్చి కొలనులో నింపి, పైన మన్నుపోసి కప్పించెను. ఊరిలో మిగిలిన మరికొన్ని చుట్టలను కాల్చిరి. కొన్నిటిని యూకాన్ నదిలో వైచిరి. శిథిలమైన తాళపత్రగ్రంథములను గోదావరిలో విడుచు ఆచారము మనకును కలదు కదా! మనవారు నమస్కరించి విడుచుచుండిరి. వారు నమస్కారము చేయలేదు. పుస్తకమునకు మాత్రము రెండు విధములను గతి యొక్కటియే.

కొలనులో పూడ్చినవానిని మరచిపోయిరి. ఆ మంచుమీదనే ఆటలు సాగినవి. అప్పుడప్పుడు మంచులోనుండి ఫిలిముకొనలు పైకి పొడుచుకొని రాగా పిల్లలు నిప్పంటించి, భగ్గున మండుట చూచి సంతోషించుచుండిరట.

ఆ భగ్గుమనుటకు కారణ మెరుగవలెను. ఆనాటి ఫిలిము నైట్రేటు ఫిలిము. ప్రత్తివంటి పదార్థమును నత్రికామ్లముతో సంస్కరించి చేయునది. తుపాకులలో కూరు ప్రేలుడుమందునకు సోదరి. మండుటకు వలయు ప్రాణవాయువు దానిలోనే యిమిడియుండుటచే, ఒకసారి అంటుకొన్నచో నీటిలో ముంచినను ఆరదు. వేడిలో నిలువయుంచిన తనంతట తానే చెడి, జిగురై, గోధుమవన్నె పొడియగును. 1950 ప్రాంతమున గాని నిరపాయమైన ఫిలిము దానిస్థానమును పూర్తిగా ఆక్రమింపలేదు. ఈలోపుగా గొప్పగొప్ప కంపెనీల భాండాగారములే దగ్ధములైనవి. 1937లో ఫాక్స్ కంపెనీవారి నిలువలు న్యూజెర్సీలో తగులబడి, వారి మూకీచిత్రములలో అధికభాగము నశించెను. కాలనివానిని కొందరు ఫిలిముపైపూతలోని వెండికొరకు కరగించిరి. 2013లో అమెరికా జాతీయగ్రంథాలయమువారు లెక్కతీయగా, ఆ దేశమున తయారైన పెద్ద మూకీచిత్రములలో మొదటిరూపమున సంపూర్ణముగా నిలిచినవి నూటికి పదునాలుగే యని తేలినది.

మనమును వారిని చూచి నవ్వ పనిలేదు. రఘుపతి ప్రకాశుగారు 1921లో తీసిన మూకీ 'భీష్మప్రతిజ్ఞ' నేడెచ్చటను దొరకదు. మన తొలి టాకీ 'భక్తప్రహ్లాద' పోయినది. అది 1931లో వెలువడినదని చిరకాలము చెప్పుకొంటిమి. పరిశోధకులు పాత కాగితములు తిరుగవేసి 1932 ఫిబ్రవరి యని తేల్చిరి. ఫిలిము లేదు, తేదీకొరకు వాదులాడుకొనుటయే మనకు మిగిలినది.

జాగ్రత్తగా నుంచినవి కాలిపోగా, చెత్తయని పూడ్చినవి నిలిచినవి. డాసన్ నేల కొన్ని యడుగుల క్రింద వేసవిలోనైనను కరగదు. ఫిలిమునకు వలసినది చలి, చీకటి, గాలిలేమి. ఈ మూడును ఆ యీతకొలనులో రాజాస్థానమునకైనను దుర్లభమైన రీతిని కుదిరినవి. థామ్సన్ చేసినది మేలా కీడా? మేలు చేయవలెనని అతడు చేయలేదు; కీడును తలపెట్టలేదు. అతనికి వలసినది సమమైన మంచు.

తరువాతి కాలమున ఆ భవనమును అగ్నిపాలయ్యెను. 1978లో అచ్చట క్రొత్త క్రీడామందిరమును కట్టుటకై యంత్రముతో నేల త్రవ్వుచుండగా మట్టిలోనుండి ఫిలిముచుట్టలు బయలువెడలినవి. యంత్రమును నడపుచున్న పెద్దమనిషి పట్టణసభ్యుడును మతబోధకుడును. ఆయన త్రవ్వకము నాపి కబురుపంపుట మన యదృష్టము. పురాతనవస్తువుల సంరక్షకుడు మైకేల్ గేట్సు, ఊరి ప్రదర్శనశాల యధ్యక్షురాలు కాతీ జోన్సు, రాజధాని యోటావానుండి వచ్చిన ప్రభుత్వ ఫిలిముశాఖాధికారి శామ్ కూలా, ఈ మువ్వురును పూనుకొని మట్టిలోనుండి చుట్ట వెంట చుట్ట తీయించిరి. నిలిచినవి 533 చుట్టలు. వానిలోని చిత్రములు 372. వెలికి వచ్చినతోడనే వానికి గండము మొదలైనది. అర్ధశతాబ్దము గడ్డకట్టియున్న చుట్టలు కరగి చెమ్మగిల్ల నారంభించినవి. చల్లని కొట్టులో వానిని భద్రపరచి, పంపు సాధనమునకై వెదకిరి. ప్రేలుడుమందు వంటి సరకును బస్సులవారు మోయమనిరి, లారీలవారు మోయమనిరి. కడకు కెనడా వాయుసేన వారి హెర్క్యులీస్ విమానము వచ్చి యోటావాకు కొనిపోయెను. ఓడకూలి దండుగయని విడిచినవానికి ఏబదియేండ్లకు సైనికవిమానము వాహనమయ్యెను! అమెరికా చిత్రములు వాషింగ్టనుకును, తక్కినవి ఓటావాకును చెందగా, నిరపాయమైన క్రొత్త ఫిలిముపైకి ప్రతులు తీసిరి. గేట్సుగారును జోన్సుగారును ఈ పనిలోనే పరిచితులై వివాహము చేసికొనిరి. చరిత్రపరిశోధనవలన ఇట్టి లాభము కూడ నుండునని మా తరమున నెవ్వరును చెప్పలేదు.

చుట్టలలో నేమున్నవి? ఇక దొరకవనుకొన్న నాటకచిత్రములు కలవు. వార్తాచిత్రములును కలవు. 1919లో అమెరికావారి బేసుబాలు పోటీలో చికాగో జట్టువారు కొందరు జూదరులయొద్ద లంచము తిని కావలెనని యోడిపోయిరను అపఖ్యాతి నేటికిని ఆ దేశమున సామెతవలె చెప్పుకొందురు. ఆ పోటీయొక్క కదలుచున్న దృశ్యములు డాసన్ మట్టిలో దొరకినవి. 1914లో కొలరాడోలో సమ్మెకట్టిన బొగ్గుగని కూలీల గుడారములను కాల్చి స్త్రీలను బిడ్డలను బలిగొన్న ఘోరమును గూర్చియు, 1917 జూలైలో న్యూయార్కు రాజవీథిని వేలకొలది నీగ్రోజాతివారు నోరుమెదపక నడచి తమవారి హత్యలను నిరసించిన మౌనయాత్రను గూర్చియు చిత్రములు మారిసన్ చూపును. ఇట్టి వార్తలు ఆ మంచుపల్లెకు ఏండ్లు ఆలస్యముగా చేరి, తెరమీద నాడి, కొలనులోనికి పోయినవి.

ఇరువదవ శతాబ్ది చివరినాళ్లలో విద్యార్థిగా నుండగానే మారిసన్ ఈ సంగతి విని మరువలేదు. ఎన్నియో యేండ్లకు పిమ్మట 'డాసన్ సిటీ: ఫ్రోజెన్ టైమ్' అను రెండుగంటల చిత్రమును తీసి 2016లో వెనిస్ ఉత్సవమున ప్రదర్శించెను. మొదటను చివరను కొలది మాటలు తప్ప దానిలో చెప్పువాని కంఠము వినబడదు. మూకీలలోవలె తెరపై అక్షరములు వచ్చును. అలెక్స్ సోమర్స్ కూర్చిన సంగీతము వినవచ్చును. నీరుచేరి చెడిన ఫిలిము అంచులు తెరకు ఇరుప్రక్కల తెల్లని జ్వాలలవలె ఎగయుచుండును. వానిని తుడిచివేయుటకు ఆయన పూనుకొనలేదు. దానపత్రమునకు చెదపురుగు తిన్న రంధ్రమును సాక్ష్యమే కదా.

ఇచ్చట నాకొక శంక కలిగినది. మారిసన్ డాసన్ చరిత్రను చెప్పుచు, దొరకిన నాటకచిత్రముల తునకలను దృష్టాంతములుగా వాడును. జనులు జూదమాడిరని అక్షరములు చెప్పును. ఏదో నాటకములో జూదమాడువారు కనబడుదురు. ఉత్తరము వచ్చెనని చెప్పును. ఏదో నాటకములో నటి యుత్తరము చదువుకొనుచుండును. ఇది చరిత్రయా? తర్కశాస్త్రము చదివినవానికి ప్రమాణవిషయమున ఈ ప్రశ్న రాక మానదు. నటి చదువునది వట్టి కాగితము. ఆమె కన్నీరు జీతమునకు కార్చినది. ప్రత్యక్షము కానిదానిని ప్రత్యక్షమువలె చూపుట దోషమని మొదట తలంచితిని. పిదప ఆలోచింపగా తోచిన దేమన, ఆ తునకలు డాసన్ వారు చేసినదానికి సాక్ష్యము కావు. డాసన్ వారు చూచినదానికి సాక్ష్యము. ఆ చీకటి సాయంకాలములలో కొయ్యబల్లలపై కూర్చుండి గనికూలీలు కన్నులారా చూచినవి సరిగా ఆ చుట్టలే. ఒక యూరివారి కలలు భౌతికరూపమున నేలలో దొరకుట మరెక్కడ వినియున్నాము? ఈ మేరకు మారిసన్ పద్ధతిని నేనంగీకరింతును. ఐనను చూచువాడు ఏది వార్తయో ఏది నాటకమో విడదీసికొనుచు మెలకువగా చూడవలెను. ఆయన ఆ శ్రమను మనకే వదలెను.

అదే చిత్రమున మరియొక సంగతి కలదు. బంగారపుకాలమున హెగ్ అను స్వీడనుజాతీయుడు తీసిన గాజుపలకల ఛాయాచిత్రములు డాసన్‌లోని యొక గుడిసెగోడలో దాగియుండెను. ఆ యింట కాపురమున్నవారు, పలకలపై పూతను కడిగివైచి, ఆ గాజుతో మొక్కలకు పందిరిల్లు కట్టుకొనవలెననుకొనిరి. వారినుండి ఈ మాట విన్న వర్తకుడు వానివిలువ గ్రహించి, బదులుగా వట్టి గాజును ఇచ్చి పుచ్చుకొనెను. కెనడావారు 1957లో తీసిన 'సిటీ ఆఫ్ గోల్డ్' అను చిన్న డాక్యుమెంటరీకి బంగారపుకాలపు ఇట్టి నిశ్చలచిత్రములే ప్రాణము. కదలని పటముపై కెమెరాను మెల్లగా కదల్చి చరిత్ర చెప్పు పద్ధతికి అది దారిచూపెను.

దొరకినదంతయు అమూల్యమే కానక్కరలేదు. 2016లో ఐస్లాండు సముద్రమున జాలరుల వలలో నాలుగు ఫిలిముచుట్టలు పడినవి. మహానిధియని ఆశపడి చూడగా, అది 1969లో రష్యావారు తీసిన 'పల్లెటూరి డిటెక్టివు' అను సామాన్యమైన హాస్యచిత్రము. ప్రతులకు కొదువ లేదు. మరియొకడైనచో విసరివైచును. మారిసన్ దానిని పట్టుకొని, అందు నటించిన ఝరోవ్ అను నటుని జీవితమంతయు దాని చుట్టు అల్లి 2021లో ఒక చిత్రమును తీసెను. 2023లో వెలువడిన 'ఇన్సిడెంట్' అను ఆయన చిన్న చిత్రము చికాగోలో పోలీసులు 2018లో ఒకని కాల్చిచంపిన విషయమును గూర్చినది. అదియు వీథికెమెరాలు, పోలీసుల దుస్తులకున్న కెమెరాలు తమంతట తాము తీసి మూలను పడవైచిన దృశ్యములతోనే కూర్చినది. నేటి చెత్తయందు కూడ ఆయన చూపు అట్లే నిలుచును.

మొదట నిక్షేపమని యొక మాట చెప్పితిని, దానికి వత్తును. క్లాండైక్ నది మొగలో బంగారము దొరకకముందు ట్రోండెక్ హ్వెచిన్ అను జనులు సాల్మను చేపలు పట్టుకొనుచు బ్రతుకుచుండిరి. వేలకొలది పరులు వచ్చిపడగా వారు తమ తావును విడిచి, దిగువనున్న మూస్‌హైడ్ అను చోటికి పోవలసివచ్చెను. మారిసన్ ఈ స్థానభ్రంశమును చిత్రారంభముననే చెప్పినాడు. కాని ఫిలిముచుట్టలలో వారి ముఖములు అరుదు గనుక తరువాతి కథయంతయు వచ్చినవారి కథయే యయ్యెను. పూడ్చిన చిత్రములను నమ్ముకొన్న చరిత్రకు ఇదియొక లోపము: కెమెరా ఎవరివైపు త్రిప్పబడలేదో వారు నిధిలోనికే చేరరు.

ఆ జనుల నాయకుడు ఐజక్. మద్యము, రోగములు, జూదము, పరుల బడులు తన పిల్లలను చుట్టుముట్టుట ఆయన చూచెను. తాతలనాటి పాటలు, నృత్యములు నిలువవని గ్రహించెను. సరిహద్దుకు ఆవల అలాస్కాలో వారికి బంధువులు కలరు. ఐజక్ తన జనుల పాటలను, నృత్యములను, నృత్యమున చేతబట్టు దండమును కూడ ఆ బంధువుల కప్పగించి, దాచియుంచుడని కోరెను. వారు దాచిరి. పెట్టెలో కాదు, తాము నేర్చి, పాడి, తమ బిడ్డలకు నేర్పి దాచిరి. ఐజక్ 1932లో గతించెను. కొలను పూడ్చి అప్పటికి మూడేండ్లు. 1990 తరువాతి సంవత్సరములలో ట్రోండెక్ హ్వెచిన్ వారు అలాస్కాకు పోయి తమ పాటలను అడిగిరి. అక్కడివారు ఒక్కొక్కటిగా పాడి నేర్పి మరల ఇచ్చివైచిరి. రెండేండ్ల కొకసారి వేసవిలో మూస్‌హైడున జనులందరును కూడి వానిని పాడుచున్నారు.